గదికో నిశ్శబ్దం

ఉష్ మామయ్యకు ఉన్న పిచ్చి ఒక్కటే: నిశ్శబ్దాన్ని రికార్డు చేయడం. ఆ పేరు అతని అక్క పిల్లలు పెట్టింది. వీధిలో మొట్టమొదట కెమెరా భుజానికెత్తినవాడు. చెప్పులు కుట్టే ముసలాయన మీద సినిమా తీసి కప్పు అందుకున్నవాడు. ఈ ఘనతలన్నీ అక్క పాలవాడిక్కూడా ఏకరువు పెట్టేది. మనుషులు రోజూ చేసే పనులే అతని సినిమాలు: బావ గడ్డం గీసుకోవడం, అక్క సూదిలో దారం ఎక్కించడం. మనిషి పోయాక వెతుక్కునేవి అవేనట.

అంతవరకూ బాగానే ఉండేది. కెమెరా ఆపాక మైకు తీసి, పెదవుల మీద వేలు పెట్టి "ఉష్" అనేవాడు. ఖాళీ గదికి కూడా ఒక చప్పుడుంటుందట, మాటకూ మాటకూ మధ్య అతుకు వేయడానికి అది కావాలట. పాలు పొంగిపోతున్నా సరే, ఇంటిల్లిపాదీ ఊపిరి బిగబట్టి కూర్చోవాల్సిందే.

బావది తిరకాసు వ్యవహారం. కెమెరా ముందు ఇస్త్రీ చొక్కా వేసుకుని కొయ్యబొమ్మలా బిగుసుకుపోయేవాడు. "ఉష్" అన్నారో, గొంతు సవరించుకుని మొదలు. కళ్ళజోడు ఎక్కడ పెట్టావే అనేవాడు, మీ తమ్ముడికి పెళ్ళి చేసుంటే ఈ జబ్బు కుదిరేది అనేవాడు.

"పాడుచేశావు బావా" అని విసుక్కుని, తమ్ముడు మర్నాడు మళ్ళీ మైకుతో తయారు. బావ గుండె చూసి డాక్టరు పెదవి విరిచాక, ఆ వరస మరీ ముదిరింది.

బావ పోయాడు. అక్క ఆయన మీద తీసిన సినిమా పెట్టించుకుంది. తెర మీద కొయ్యబొమ్మ. ముఖానికేం, గోడ మీద ఫొటో ఉంది. గొంతే రోజురోజుకీ చెవుల్లోంచి జారిపోతోంది.

"నీ గురించి ఎన్ని గొప్పలు చెప్పుకున్నానురా. ఆయన గొంతు పట్టలేకపోయావా?"

తమ్ముడు వెళ్ళి, పాడైన నిశ్శబ్దాలన్నీ వరసగా అతికించి తెచ్చి వినిపించాడు. కుర్చీ కిర్రుమంది. కళ్ళజోడు గొడవ, పెళ్ళి గొడవ. ఒకచోట "టీ పెడతావా, పెట్టవా?" అని వినబడగానే అక్క "వస్తున్నా" అంటూ సగం లేచింది. లేచినందుకు తనకే నవ్వొచ్చి కూలబడింది.

"గదికి ఒక్కటి చాలు కదరా, అన్నిసార్లెందుకు?"

"మాట్లాడమంటే బావ మాట్లాడడు కదక్కా."

అక్క తలెత్తి చూసేసరికి తమ్ముడి చేతిలో మైకు, పెదవుల మీద వేలు.

"ఉష్."

అక్క కుర్చీలో సర్దుకు కూర్చుని, గొంతు సవరించుకుని, తీరిగ్గా అతణ్ణి తిట్టడం మొదలుపెట్టింది.