మూడు వాటాల గ్రాఫిక్స్ కార్డు

సూరత్‌లోని సలాబత్‌పురాలో చీరల డిజైన్లు చేసే ఆఫీసులో మేం ముగ్గురం: నేను, మా గోడాదరా గల్లీలోనే ఉండే అక్క, ఒక గుజరాతీ పెద్దాయన. అక్క నా తోబుట్టువు కాదు. వాళ్లదీ మాలాగే మగ్గాల పనికి సూరత్ వచ్చిన కుటుంబం. నన్ను ఆ ఉద్యోగంలో పెట్టించిందీ, అతుకు కనబడకుండా డిజైన్ అంచులు కలపడం నేర్పిందీ ఆమే.

మా కంప్యూటర్లు పాతవి. పెద్ద డిజైన్ తెరిస్తే కదిలేవి కావు. మా యజమాని సేఠ్ ఒకే ఒక్క గ్రాఫిక్స్ కార్డు కొన్నాడు, గేములాడేవాళ్లు కొనుక్కునే రకం. ఒక పెద్ద కంప్యూటర్‌లోనే, విడి కంప్యూటర్లలా పనిచేసే మూడు వర్చువల్ మెషీన్లు పెట్టి, దాన్ని ముగ్గురికీ పంచుతానని నేనే ముందుకొచ్చాను. అలాంటి కార్డును పంచనివ్వకుండా దాని సాఫ్ట్‌వేరే అడ్డుపడుతుంది. ఆ అడ్డు తీయడానికి రెండు వారాలు పట్టింది.

మూడు తెరలూ ఒకేసారి వెలిగిన రోజు అక్క నా వీపు మీద చరిచింది. “మస్తు జేసినవ్ తమ్మీ!”

సేఠ్ మాత్రం ఒకటే అడిగాడు: వీటిని బయటి నుంచి కూడా తెరవొచ్చా?

“ఏ ఊరి నుంచైనా తెరవొచ్చు” అన్నాను గర్వంగా. ఎంత తెలివితక్కువగా అన్నానో నెల తిరిగేసరికి తెలిసింది. రెండు వాటాలు వేరే ఊరివాళ్లకిచ్చి జీతాలు లేకుండా డిజైన్‌కింత చొప్పున పని చేయించుకుంటానన్నాడు సేఠ్. అక్కవీ, పెద్దాయనవీ పాస్‌వర్డులు మార్చమన్నాడు. మార్చాను.

మర్నాడు అక్క రెండుసార్లు టైప్ చేసి నా వైపు తిరిగింది.

“గిదేంది తమ్మీ, తెరుచుకుంటలేదు. జర చూడు.”

“సేఠ్‌ను అడుగు అక్కా.”

ఆమె నా మొహంలోకి చూసింది. “నువ్వే మార్చినవా?”

నేను నా తెర వైపు తిరిగాను.

“నిన్ననే జెప్తే ఇంట్లనే ఉందును గదా. గింత దూరమొచ్చి గిట్ల నిలబడకపోదును.”

పెద్దాయన అప్పుడే వచ్చి, విషయం విని, కళ్లజోడు పెట్టెలో పెట్టుకున్నాడు.

అక్క ఇప్పుడు ఊరి శివార్లలోని సచిన్‌లో ఒక మిల్లులో చీరలు మడతపెడుతోంది. క్షమాపణ చెబుదామని ఒక ఆదివారం వాళ్లింటికి వెళ్లాను. చాయ్ ఇచ్చింది. నేను నోరు తెరవబోతే, “పని ముచ్చట ఇంట్ల వద్దు” అంది. చాయ్ తాగి వచ్చేశాను. నేనింకా అక్కడే పనిచేస్తున్నాను.