వెనకవైపు చిన్న అక్షరాలు

మా బంధువులు చెప్పే కథలో మాత్రల స్ట్రిప్పు సగానికి కత్తిరించి ఉంటుంది. పేరున్న ముక్క మందుల షాపులోనే ఉండిపోయిందట. పేరులేని ముక్క మా తమ్ముడి భార్య సొరుగులోకి చేరిందట. అక్క అమాయకంగా వేసుకుందట, నేను ఆసుపత్రికొచ్చి రచ్చ చేశానట. తెనాలి నుంచి ఎవరు పెళ్ళి శుభలేఖ పట్టుకొచ్చినా ఈ కథ కూడా వెంట వస్తుంది, వచ్చినప్పుడల్లా ఒక కొత్త నగ పెట్టుకుని. ఈ మధ్య విన్నదాంట్లో అక్క ఆ రోజు కళ్ళజోడు కూడా మరిచిపోయింది.

రచ్చ చేసిన మాట నిజం. మిగతాది అబద్ధం. ఆ స్ట్రిప్పుని ఎవరూ కత్తిరించలేదు. అది నా దగ్గరే ఉంది, బీరువాలో, అమ్మ బైబిలు పక్కన. పది మాత్రల్లో ఒక్కటే లేదు. వెనక్కి తిప్పితే పేరు స్పష్టంగా కనిపిస్తుంది: డైక్లోఫెనాక్.

అక్కా నేనూ చిలకలగూడలో రెండు గదుల అద్దె ఇంట్లో పదిహేడేళ్ళు ఇద్దరమే ఉన్నాం. నాన్న రైల్వే ఉద్యోగానికని గుంటూరు వైపు నుంచి వచ్చి అందులో దిగాడు. ఆయనా అమ్మా పోయాక అది మా ఇద్దరికీ మిగిలింది. తమ్ముడు పెళ్ళి చేసుకుని సైనిక్‌పురి వెళ్ళిపోయాడు. అక్క మిషన్ బడిలో తెలుగు టీచరు. నేను ఆడపిల్లల కాలేజీలో కెమిస్ట్రీ ల్యాబు చూసేదాన్ని. మీ ఇద్దరికీ పెళ్ళెందుకు కాలేదని ఎవరైనా అడిగితే అక్క నవ్వి ఊరుకునేది. నేను, ముందు మీకెందుకయిందో చెప్పండి, అనేదాన్ని.

అక్కకు చిన్నప్పటి నుంచీ ఉబ్బసం. ఒక వేసవిలో పన్ను పీకించుకుంది. నొప్పికి మాత్రలిచ్చారు. మొదటిది వేసుకున్న అరగంటకు ముక్కు కారడం మొదలైంది, ముఖం కందిపోయింది, ఆ తరవాత ఊపిరి అందలేదు. ఆటోలో నా భుజం మీద ఆమె తల, ఆ గొంతులోని పిల్లికూత ఇప్పటికీ నాకు వినబడతాయి. రెండు రోజులకు కోలుకున్నాక, వయసు పైబడిన డాక్టరమ్మ ఒకావిడ మందుల చీటీ వెనక ఎర్ర సిరాతో ఒక పేరు రాసిచ్చింది.

"ఇదమ్మా మీకు పడనిది. పైన రంగుల్లో పెద్దగా ఉండేది కంపెనీ పెట్టుకున్న పేరు. ఒక్కో కంపెనీ ఒక్కో పేరు పెడుతుంది. వెనక చిన్న అక్షరాల్లో ఉండేదే మందు పేరు. అది చదవండి. దీని చుట్టాలు ఆస్పిరిన్, ఐబూప్రొఫెన్ కూడా మీకొద్దు."

"మోకాళ్ళ వాపుకి అందరూ ఇదే వేసుకుంటారు కదండీ?" అంది అక్క.

"అందరి సంగతి వేరు. వాపునీ నొప్పినీ పుట్టించే పదార్థాల్ని ఈ మందు ఒంట్లో తయారు కానివ్వదు. కొందరికి అలా ఒక దారి మూస్తే ఇంకో దారి తెరుచుకుంటుంది. మీకది ఊపిరితిత్తుల వైపు తెరుచుకుంది."

ఇంటికొచ్చాక ఆ చీటీ ముందు పెట్టుకుని కూర్చున్నాం. మా ఇళ్ళల్లో ఒక మనిషికి ముద్దుపేర్లు ఎన్నో ఉంటాయి. నన్ను అమ్మ ఒకటి పిలిచేది, నాన్న ఒకటి, మేనత్త ఇంకొకటి. చర్చిలో బాప్తిస్మం పుస్తకం తీస్తే మాత్రం ఒకటే పేరు. మందుకీ అంతే అని అక్కకు చెప్పాను. దుకాణంలో ముద్దుపేర్లు పాతిక ఉంటాయి, పుస్తకంలో పేరు ఒకటే. ఆ పేరు కూడా ఎవరికో తోచి పెట్టింది కాదు. డై అంటే రెండు. క్లో అంటే క్లోరిన్. ఫెన్ అంటే ఫినైల్ వలయం. చివరనున్న ఆక్ అసిటిక్ ఆమ్లం, వెనిగర్‌లో ఉండేదే. మందు ఒళ్ళంతా పేరులోనే ఉంది.

అక్క కాగితం తీసుకుని కాసేపు చూసింది. "సమాసంలా ఉందే. విగ్రహవాక్యం చెప్పనా? రెండు క్లోరినులు గలదీ, వలయము గలదీ, పులుపు తోక గలదీ ఏదో అది. బహువ్రీహి." ఊపిరి ఇంకా పూర్తిగా సర్దుకోలేదు, మధ్యలో ఆగి ఆగి చెప్పింది. ఇద్దరం పొట్ట పట్టుకుని నవ్వాం. ఆ నవ్వుకి మళ్ళీ ఆయాసం వచ్చి ఇన్‌హేలర్ తీయాల్సి వచ్చింది.

ఆ రోజు నుంచి చదవడం నా పని అయిపోయింది. ల్యాబులో ఒక నియమం ఉంది. పేరు చీటీ ఊడిపోయిన సీసాని వాడకూడదు, లోపల ఎంత విలువైనది ఉన్నా సరే. రంగు చూసి, వాసన చూసి ఇదే అయ్యుంటుందని అనుకోవడం అక్కడ నేరం. పిల్లలు "చూశాం మేడం" అంటే, చూడ్డం కాదు, పైకి చదవండి అని నిలబెట్టి చదివించేదాన్ని. అదే నియమం ఇంటికి తెచ్చాను.

మా వీధి మొదట్లో మందుల షాపతను రెండు మాత్రలడిగితే కత్తెరతో టక్కున రెండు కోసిచ్చేవాడు. పేరు ఏ ముక్కలో ఉంటే ఆ ముక్క వాడి దగ్గరే ఉండిపోయేది.

"పేరున్న వైపు కోసివ్వు బాబూ."

"ఏందీ మేడం, వచ్చినప్పుడల్ల గిదే లొల్లి. పేరు ముంగట మంచిగ పెద్దగ ఉన్నది గద."

"అది కంపెనీ పేరు. మందు పేరు కావాలి నాకు."

"మందు పేరు ఎవలడుగుతరు మేడం? కాళ్ల నొప్పి గోలి ఇయ్యమంటరు, ఇస్త."

"మీ అమ్మ నీకు కాళ్ళ నొప్పి గోలీలమ్మేవాడని పేరు పెట్టిందా?"

పక్కనున్నవాళ్ళు నవ్వారు. వాడూ నవ్వి స్ట్రిప్పు మొత్తం నా చేతికిచ్చాడు. "తీస్కో మేడం, సదువుకో. పరీక్షుంటే చెప్పు, నేను సుత వస్త." ఆ తరవాత ఆ వీధిలో నా పేరు పేర్ల మేడం అయింది. అక్క మాత్రం ఆ నవ్వుల్లో కలవలేదు. నా వెనక నిలబడి చీర కొంగు సర్దుకుంటూ ఉంది. ఇంటికెళ్తూ, "రెండు మాత్రలు కొనడానికి వీధంతా వినాలా?" అంది.

చర్చి స్త్రీల సమాజం కూటాల్లో కూడా ఇదే వరస. తలనొప్పిగా ఉందని అక్క అంటే ఎవరో పర్సు తెరిచి ఒక మాత్ర తీసిచ్చారు. అది ఆమె అరచేతిలోంచి నేను లాక్కున్నాను. "చెల్లెలు కాదమ్మా, అత్తగారు నీకు," అంది ఒకావిడ. అందరితో పాటు అక్క కూడా నవ్వింది. తిరుగు బస్సులో నాతో మాట్లాడలేదు. నేనది తలనొప్పి అనుకున్నాను.

ఇంట్లో ఏ మాత్ర వేసుకున్నా మా ఇద్దరి మధ్య ఇదే సంభాషణ.

"పేరు చదివావా?"

"చూశాలే."

"చూడ్డం కాదే, చదివావా?"

"చదివానే తల్లీ. అప్పజెప్పనా?"

ఇలా పన్నెండేళ్ళు. ఆ పన్నెండేళ్ళలో అక్కకు మళ్ళీ అలాంటి గండం రాలేదు. ఆ మాట తెనాలి కథలో ఎక్కడా ఉండదు.

ఆ తరవాతి ఏడు సంక్షేపంగా చెప్పాలంటే మోకాళ్ళ నొప్పుల ఏడు. అక్క బడి మెట్లు ఎక్కలేకపోయేది. సెలవులివ్వగానే వారం రోజులు తమ్ముడింట్లో ఉండొస్తానంది. నాకు ప్రాక్టికల్ పరీక్షలు, వెంట వెళ్ళే వీలు లేదు. వేసుకోకూడని మందుల పేర్లు అట్టముక్క మీద రాసి ఆమె పర్సులో పెట్టాను. బస్టాపులో మళ్ళీ చెప్పాను, అక్కడ ఎవరేమిచ్చినా వేసుకోకు, నాకు ఫోన్ చెయ్యి, అని.

"నాకు యాభై ఏళ్ళొచ్చాయే," అంది అక్క. బస్సొచ్చింది. వెనక్కి చూడకుండా ఎక్కింది.

మూడో రోజు మధ్యాహ్నం కాలేజీ ఆఫీసుకు ఫోనొచ్చింది. నేను ఆసుపత్రి చేరేసరికి అక్క ముఖానికి ఆక్సిజన్ మాస్కు ఉంది, కళ్ళు తెరిచే ఉన్నాయి. ప్రమాదం దాటిందని నర్సు చెప్పింది. అప్పుడు మామూలు మనిషైతే మంచం మీద కూర్చుని చెయ్యి పట్టుకుంటుంది. నేను స్ట్రిప్పేదని అడిగాను. మరదలు సంచిలోంచి తీసిచ్చింది. తిప్పాను. వెనకవైపు పేరు పూర్తిగా ఉంది. మంచం పక్కన నిలబడి అక్షరం అక్షరం పైకి చదివాను, ఫెయిలైన పిల్లకు జవాబు పత్రం చదివి వినిపించినట్టు. వార్డులో అందరూ విన్నారు. అక్క ముఖం గోడవైపు తిప్పుకుంది.

ఇక మరదలి మీదకు వెళ్ళాను. ఆమె పుట్టిల్లు సైనిక్‌పురి పక్కనే, కాప్రా. మావాళ్ళు కాదు, మా చర్చి కాదు. తమ్ముడు ఇష్టపడి చేసుకున్నాడు. అందుకే తెనాలి కథలో తప్పంతా సొరుగుది, అంటే ఆమెది. నేనూ ఆ రోజు వరండాలో అదే మొదలుపెట్టాను. ఆమె ఏడవలేదు, ఎదురు తిరగలేదు.

"చిన్నొదినా, జెర నా మాట ఇను. పెద్దొదిన మోకాలు పట్టుకొని కూసుంటే పరేషానై గోలి తెచ్చిన. ఊపిరాడని తక్లీఫున్నదని నాకు ఎర్కనే, అందుకే పడ్తదా అని సుత అడిగిన. కళ్లద్దాలు తెమ్మన్నది. తెచ్చిచ్చిన. ఎనకకు తిప్పి పట్టుకున్నది. చానాసేపు పట్టుకున్నది. చూశాలే అన్నది. నీళ్లు అడిగింది."

"అట్టముక్క?"

"పర్సులనే ఉన్నది. తియ్యలె."

నేను స్ట్రిప్పుని నా సంచిలో పెట్టుకున్నాను. ఆమె చెప్పింది నేను తమ్ముడికి కూడా చెప్పలేదు. స్ట్రిప్పు కత్తిరించలేదని మాత్రం అందరితో వాదించాను. కళ్ళజోడు సంగతి ఎవరికీ చెప్పలేదు.

గాలి బాగుంటుందని డిశ్చార్జి అయ్యాక అక్కను సైనిక్‌పురి తీసుకెళ్ళారు, ఒక నెలకని. నెలకు ఇంకో నెల కలిసింది. ముందు చీరలు, తరవాత పుస్తకాలు, ఆ తరవాత ఆమె దిండు. దిండు తీసుకెళ్ళిన రోజు, ఇక తిరిగి రాదని నాకు అర్థమైంది. నా నోటి వల్లే వెళ్ళిపోయిందని బంధువులంటారు. నోటివల్ల వెళ్ళేదైతే పదిహేడేళ్ళు ఎందుకుంది?

నెలకు రెండు ఆదివారాలు, చర్చి అయ్యాక, రెండు బస్సులు మారి వెళ్తాను. అక్క బాగానే ఉంది. నాకు ఇష్టమని చేపల పులుసు వండిస్తుంది. వాతావరణం మాట్లాడుకుంటాం, బడి సంగతులు మాట్లాడుకుంటాం. మొన్న ఒకసారి వెళ్ళేసరికి వాళ్ళు నన్ను చూడలేదు. వరండాలో మరదలు ఏదో మాత్రల స్ట్రిప్పు వెలుతురుకు పట్టుకుని ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుంటూ చదువుతోంది. అక్క పక్కన కూర్చుని సరిచేస్తోంది.

"అది కాదమ్మా, ముక్కలు చేసి చదువు. ఇదీ సమాసమే. నీకు ఒకటి చెప్తా చూడు. రెండు క్లోరినులు గలదీ, వలయము గలదీ..."

మరదలు విరగబడి నవ్వింది. "పెద్దొదినా, గిదేం పాఠం?" అక్క కూడా నవ్వింది. ఆయాసం రాలేదు. నేను గేటు దగ్గర చెప్పులు విప్పుకుంటూ, విప్పిన చెప్పులే మళ్ళీ సర్దుకుంటూ, ఆ నవ్వు అయ్యేదాకా నిలబడ్డాను.

ఇంటికొస్తే స్టేషన్ వైపు నుంచి రైళ్ళ అనౌన్సుమెంట్లు వినబడతాయి, మూడు భాషల్లో. నాకిప్పుడు బీపీ. ఉదయం మాత్ర వేసుకునే ముందు స్ట్రిప్పు వెనక్కి తిప్పి పేరు పైకి చదువుతాను. చదివావా అని అడిగేవాళ్ళు లేరు. చూశాలే అనే అవకాశం నాకెప్పుడూ రాలేదు.

ఈ ఆదివారం అడుగుదామనుకుంటాను, పోయినసారి వెళ్ళినప్పుడూ అనుకున్నాను. చేపల పులుసు ముందు కూర్చుంటే వాతావరణమే మాట్లాడతాను. కాగితం మీదయితే అడగగలనేమో. అక్కా, ఆ రోజు కళ్ళజోడు పెట్టుకుని స్ట్రిప్పు వెనక్కి తిప్పి అంతసేపు పట్టుకున్నావు కదా. రెండు క్లోరినులు గలదాని పేరు నువ్వు చదివావా? చదివే, నన్ను అడగకుండా, నీళ్ళు తెప్పించుకున్నావా?