చిల్లుల చీర

పెద్దమ్మ పోయిందని ఫోను వచ్చేసరికి నేను జగదల్‌పూర్ బస్సులో ఉన్నాను. ఎర్రబోరులో మా దుకాణం పక్కిల్లే ఆమెది. చుట్టరికం ఏమీ లేదు. ఊళ్లో సగంమందికి ఆమె పెద్దమ్మే. పక్కసీట్లో ఆవిడ "క్యా హువా?" అని అడుగుతుంటే ఏడ్చేశాను.

భద్రాచలం నుంచి కోడలిగా వచ్చిన ఏడాది, ఇప్పపువ్వు ఏరడం నేర్పమని ఆమె వెంటపడ్డాను. ఊరి చివర పాత అడవి మొదలయ్యే చోట, ముగ్గురు చేతులు కలిపినా అందనంత లావు ఇప్పచెట్లు. కింద రాలిన ఆకు కాలిస్తే నేలమీద పువ్వు బాగా కనబడుతుందని ఎవరో అనగా విన్నాను. ఆమె వచ్చేలోగా నా తెలివి చూపిద్దామని అగ్గిపుల్ల గీశాను. ఇంకేముంది! మంట అడవివైపు పరుగెత్తింది. పెద్దమ్మ పచ్చికొమ్మ విరిచి కొట్టీ కొట్టీ ఆర్పింది.

"ఇంట్ల పొయ్యి చాల్లేదా బిడ్డా నీకు?" అంది. తర్వాత నన్ను బూడిద పక్కన కూర్చోబెట్టి నల్లబడ్డ పుల్లలు చూపించింది.

"ఇవి ఏందో ఎరుకేనా? ఈ చెట్టు పిల్లలు. ఏటేటా ఎవరో ఒకరు కాలుస్తనే ఉన్నరు. ముసలి చెట్లున్నయని మురుస్తున్నం. అవి పడిపోయిన్నాడు అడవేడుంటది?"

పెద్ద చెట్లుంటే చాలు, అడవి ఉన్నట్టేనని అప్పటిదాకా అనుకునేదాన్ని. సిగ్గేసింది.

మర్నాటి నుంచి చెట్టు కింద ఊడ్చి, పాత చీర పరిచి, దానిమీద రాలిన పువ్వు ఎత్తుకునేవాళ్లం. నడుములు పడిపోయేవి. ఒకరోజు చీర కింద మొలక వంగిపోతుంటే, పెద్దమ్మ పళ్లతో చీరకు చిల్లు పెట్టి దాన్ని పైకి తీసింది. అయ్యో, చీర అన్నాను.

"చీర చినిగితే కుట్టుకుంటం. మొలక విరిగితే ఏం కుడ్తం?"

అలా మొలకకో చిల్లు పడుతుంటే, ఎదురింటి వదిన ఆమెకు 'జల్లెడ పెద్దమ్మ' అని పేరు పెట్టింది. పెద్దమ్మ పడీ పడీ నవ్వేది. ఇంకా కాల్చేవాళ్లున్నారు, అబద్ధమెందుకు? కానీ ఆ చెట్ల కింద మొలకలు కొన్ని ఇవాళ నాకంటే ఎత్తున్నాయి.

దినాలయ్యాక, తెల్లవారుతుండగా ఆ చిల్లుల చీర పట్టుకుని వెళ్లాను. ఇక ఒక్కదాన్నే కదా అనుకున్నాను. అప్పటికే అక్కడ ఎదురింటి వదిన తన చీర పరుస్తోంది. నన్ను చూసి నోట్లోంచి దారప్పోగు తీసుకుంటూ, "పైలం, ఈడొకటుంది" అంది.

చీర మధ్యలో కొత్త చిల్లు. అందులోంచి నాలుగాకుల మొలక. దాని చుట్టూ ఇప్పపువ్వు రాలుతోంది.