ముత్తక్క ఎసరు

ఏన్కూరు దాటి అడవిలోకి పోతే వచ్చే ఆ గూడెంలో, సోదాకు వచ్చిన పోలీసులు ముందుగా చూసేది పొయ్యి మీది కుండనే. లాఠీ కొసతో మూత లేపి అన్నం చూసేవాళ్లు, తర్వాత ఇంట్లో మనుషుల్ని చూసేవాళ్లు. అన్నం ఎక్కువుంటే అడవిలోని అన్నలకు వండినట్టే. అలాగే ముత్తక్క భర్త సీతయ్యను ఠాణాకు పట్టుకుపోయారు. నడిచిపోయిన మనిషి నెలకు ఎడ్లబండిలో తిరిగొచ్చాడు. ఒక కాలు మళ్లీ సాగలేదు.

అప్పటి నుంచి గూడెంలో ఆడవాళ్లు తలకింత అని కొలిచి వండటం నేర్చుకున్నారు. ముత్తక్క నేర్చుకోలేదు. అన్నల్లో కలిసిన కొడుకు దస్రు ఏ పూట ఆకలితో వస్తాడోనని రోజూ రెండు సోలలు ఎక్కువే పోసేది. రెండువేల అయిదు ఎండాకాలంలో వాడు ఎదురుకాల్పుల్లో చచ్చిపోయాడని పేపర్లో పడింది. తూటాల చప్పుడు ఒకవైపు నుంచే వినబడిందని తునికాకుకు పోయినవాళ్లు చెప్పారు.

ఏడాది తిరిగింది. కొడుకు పేరన ఊరికి అన్నం పెట్టాలని ముత్తక్క పట్టు. ఆ ఇంటికి పోయినవాళ్లను ఠాణాకు పిలుస్తానని ఎస్సై ముందురోజే చెప్పిపోయాడు. ఎవరూ రాకపోతే తన బిడ్డకు ఊరే లేదన్నట్టవుతుందని ఆమె గుబులు. అయినా పొద్దున్నే గంగాళం ఎక్కించింది.

ఎస్సై వచ్చి మూత లేపాడు.

"ఇంట్ల ఎంతమందే?"

"ఇద్దరం సారూ."

"మరి గింతన్నం ఎవరికి?"

"నా కొడుక్కి. మీరే గద సంపింది, యాదికి లేదా?"

ఎస్సై వాకిట్లోని మంచం మీద కూర్చున్నాడు. "ఎవడొచ్చి తింటడో నేనూ చూస్త."

సీతయ్య కుంటుకుంటూ వాకిట్లో మోదుగాకు విస్తర్లు పరిచాడు. అన్నం వార్చినా ఎవరూ రాలేదు.

"మనమిద్దరమే తినేటట్టున్నమే," అన్నాడు సీతయ్య.

"తింటం తియ్. నువ్వు ఇంకిన్ని ఆకులెయ్యి."

అప్పుడొచ్చాడు జంపయ్య. సీతయ్యతో పాటు ఆ నెలంతా ఠాణాలో ఉన్నవాడు, గోళ్లు అక్కడే పోగొట్టుకున్నవాడు. ఎస్సైకి ఎదురుగానే కూర్చున్నాడు.

"వదినా, చారుల ఉప్పేసినవా? ఠాణాల పెట్టిన చారుకు ఉప్పే లేకుండె."

"నీళ్లకు ఉప్పెందుకురా?" అన్నాడు సీతయ్య.

ఇద్దరూ నవ్వారు. జంపయ్య ముద్ద కలుపుతూ గొంతు పెంచాడు. "మన పోడు దున్నొద్దని ఫారెస్టోళ్లు అడ్డమొస్తే ముందు నిలబడ్డది దస్రే గదనే!"

"అవ్, వాడే!" దడి అవతల నుంచి ఒక ఆడగొంతు. ఆమె వచ్చి కూర్చుంది. వెనకే ఇంకో నలుగురు, పిల్లల్ని చంకనేసుకొని.

ముత్తక్క ఒక విస్తరి తెచ్చి ఎస్సై ముందు వేసింది. "మూత తీసుడే గాని ఎన్నడన్న తిన్నరా సారూ? కూసోన్రి."

ఎస్సై లేచి జీపు వైపు నడిచాడు.

ఇంకా వస్తూనే ఉన్నవాళ్లకు ఆ రోజు అన్నం చాలలేదు. ముత్తక్క మళ్లీ ఎసరు పెట్టింది.