గంజి వార్చే ఇంట్లో బాటిల్ ట్రాప్

మా వంటగది సింకు గురించి నేను మొదటిరోజే చెప్పాను. ఎవరూ వినలేదు. రెండోసారి చెబితే నవ్వారు. మూడోసారి చెబితే, కాఫీ తాగుతారా అని అడిగారు. ఇప్పుడు కాగితం మీద పెడుతున్నానంటే, నోటితో చెప్పి చెప్పి విసిగిపోయానని అర్థం.

పోయిన ఏడు రాజమండ్రిలో మా ఇంటి వంటగది బాగుచేయించాం. సింకు కింద ఏ ట్రాప్ పెట్టాలన్న ప్రశ్న వచ్చింది. ట్రాప్ అంటే బ్రహ్మవిద్య కాదు. గొట్టంలో కాసిని నీళ్ళు ఎప్పుడూ నిలిచి ఉండే చోటు. ఆ నీళ్ళు అడ్డం ఉంటే వీధి కాలువ కంపు ఇంట్లోకి రాదు. నేను వంపు తిరిగిన గొట్టం, పీ ట్రాప్ అంటారు, అది పెట్టమన్నాను. లోపల ఎక్కడా గిన్నెలాంటిది ఉండదు కనుక మడ్డి పేరుకోదు.

కానీ మా ఇంట్లో నిర్ణయాలు చేసేది మా తోడల్లుడు, అంటే మా ఆవిడ అక్కగారి భర్త. కాకినాడలో రెండు అపార్టుమెంట్లు కట్టించాడు కనుక మా అత్తవారి వైపు గోడకు మేకు కొట్టాలన్నా ఆయన్నే అడుగుతారు. పెళ్ళయిన కొత్తలో మామగారింట ఆయనకు మజ్జిగ వెండి గ్లాసులో ఇచ్చేవారు, నాకు స్టీలు గ్లాసులో. నేనేమీ మరిచిపోలేదు.

షాపులో ఆయన తళతళలాడే బాటిల్ ట్రాప్, అంటే అడుగున సీసాలాంటి గిన్నె ఉండేది, ఒకటి తీసి, పెళ్ళికూతురికి నగ చూపించినట్టు మా ఆవిడకు చూపించాడు.

“ఇదీ లేటెస్టు, మరదలా. ఆ వంకర గొట్టం ఏంటి, పశువుల ఆసుపత్రికి పెట్టినట్టు!”

“అన్నయ్యగారండీ, మేం అన్నం వార్చుకుంటాం. దీని అడుగున గంజి పేరుకుంటుందండి,” అన్నాను.

“తమ్ముడూ, నువ్వు బళ్ళో పాఠాలు చెప్పుకో. ఇది నాకొదిలెయ్.”

నేను సైన్సు మాస్టారిని. షాపువాడు నవ్వాడు. మా ఆవిడా నవ్వింది.

ఆయనింట్లో అన్నం కరెంటు కుక్కరులో ఉడుకుతుంది. గంజి అంటే ఆయనకు తెలిసింది చొక్కాలకు పెట్టేదే. మాకు గేదె ఉన్నన్నాళ్ళూ గంజి కుడితి తొట్టిలో పడేది. గేదె పోయింది, గంజి మిగిలింది, సింకులో పడుతోంది. ఇంత చిన్న సంగతి అంత పెద్ద బిల్డరుకు తట్టలేదు.

రెండో నెలలోనే సింకు నిండి నిలిచిపోయింది. ప్లంబరు బాటిల్ అడుగు మూత విప్పితే లోపల జున్నులా గడ్డకట్టిన గంజి. మూడోసారి వచ్చినప్పుడు అతను విసుగెత్తి బాటిల్ మొత్తం పీకేసి, నీళ్ళు నిలిచే చోటే లేకుండా ముడతల పైపు తిన్నగా గోడలోకి దూర్చాడు.

“నీళ్ళు పోతున్నాయా లేదా అండి?”

“పోతున్నాయి. కంపు వస్తోంది కదయ్యా!”

“కంపు కాలవదండి మాస్టారూ, పైపుది కాదు.”

ఇలాంటి మేధావుల మధ్య బతుకుతున్నాను.

ఇప్పుడు ఆ కంపుకు మా ఆవిడ వంటగదిలో నిలబడలేకపోతోంది. పెరటి వరండాలో ఒంటి పొయ్యి పెట్టుకుని, నేల మీద కూర్చుని వండుతోంది. లేచేటప్పుడు గోడ పట్టుకుంటోంది. పీ ట్రాప్ నేను కొనితెచ్చి నెల దాటింది. కానీ ఆయన తన బాటిల్‌కు సరిపోయేలా గోడలో రంధ్రం పైన పెట్టించాడు. నాది బిగించాలంటే జానెడు కిందికి టైల్స్ పగలగొట్టాలి.

“బావగారు దగ్గరుండి వేయించిన టైల్సండీ అవి. చెప్పకుండా పగలగొడితే అక్క దగ్గర నాకు మొహం చెల్లదు,” అంటుంది.

“మరి నీ మోకాళ్ళు?”

“ఓ మాట అడగండి. ఆయన సరే అంటే ఈ పూటే కొట్టించండి.”

అడిగాను. ఫోన్ చేస్తే సైట్లో ఉన్నానంటాడు. మెసేజీ పెడితే చదివి, మర్నాడు పొద్దున్నే గులాబీ బొమ్మతో శుభోదయం పంపుతాడు. పెనుగొండలో పెళ్ళికి ఎదురుపడి సింకు మాట ఎత్తగానే, “భోంచేశావా తమ్ముడూ?” అని భుజం తట్టి, పూతరేకుల వైపు వెళ్ళిపోయాడు.

అన్నయ్యగారూ, నేను మీ సలహా అడగడం లేదు. తప్పు ఒప్పుకోమనీ అనడం లేదు, అది మీ వల్ల అయ్యే పని కాదు. నాలుగు టైల్స్ పగలగొట్టుకోవచ్చా, కూడదా? నాకు చెప్పడం నామోషీ అయితే మీ మరదలికే ఫోన్ చేయండి. రేపు పొయ్యి ముందు ఆమె మళ్ళీ నేల మీద కూర్చోకముందే చెప్పండి.