గొంతు మిగిలిన పోస్ట్‌మ్యాన్

1974లో నేను రాంగోపాల్‌పేటలో ఒక పాత సినిమా హాలుకు ఆపరేటర్‌ని. సికింద్రాబాద్‌లో నా అంతటి ఆపరేటర్ లేడని, హీరోలే మెట్లెక్కి వచ్చి నాకు దండం పెట్టేవారని చెప్పుకుంటూ తిరిగాను. వచ్చిన హీరో ఒక్కడే. బాత్రూం ఎటని అడిగి వెళ్ళిపోయాడు.

మాకు వచ్చేవన్నీ ఊళ్ళు తిరిగి అరిగిన ప్రింట్లు. ఫిల్ము అంచుల్లోని రంధ్రాలు చిరిగితే ఆట మధ్యలో తెగుతుంది. అందుకే చిరిగినంత మేర కత్తిరించి, రెండు కొసలూ అతికిస్తాం. దాన్ని జాయింట్ అంటాం. రీళ్ళ చివరలే ఎక్కువగా చిరుగుతాయి. నాది ధారాళమైన చేయి; రెండడుగులు చాలిన చోట ఇరవై కోసేవాణ్ణి.

ఒకరోజు మార్నింగ్ షో అయ్యాక గేటు యాదగిరి ఒకావిడను పైకి తెచ్చాడు.

"అన్నా, ఈ టీచరమ్మ నీతోని జెర మాట్లాడాల్నంట. రెండు రోజుల సంది వస్తున్నది."

గుంటూరు వైపు మనిషి, రెజిమెంటల్ బజార్‌లో కాపురం. పేరు సువార్తమ్మ.

"బాబూ, ఇంటర్వెల్‌కి ముందు పోస్ట్‌మ్యాన్ రావాలండీ. 'అమ్మా, పోస్ట్' అని వినబడుతోంది. మనిషి రావట్లేదు."

"ఆయన నీకేమైతడమ్మా?"

"మా ఆయనండీ. చర్చి నాటకంలో చూసి ఎవరో తీసుకెళ్ళారు. ఆ ఒక్క సినిమాయే. పోయి నాలుగేళ్ళయింది. పెళ్ళి ఫొటో ఒకటుంది గానీ, అందులో కళ్ళు మూసుకున్నారు. ఈమధ్య ఆయన నవ్వు గుర్తు తెచ్చుకుందామంటే రావట్లేదు బాబూ."

ఫిల్ము మీద మాట, దాని బొమ్మకంటే ఇరవై గళ్ళు, అంటే ఇరవై ఫ్రేములు, ముందే అచ్చయి ఉంటుంది. బొమ్మను కోసేసినా మొదటి మాట ముందరి ముక్కలో మిగిలిపోతుంది. శుక్రవారం ఆ ఇంటర్వెల్ రీలు చివర కోసింది నేనే.

ఆ తర్వాతి కథ ముప్ఫై ఏళ్ళు ఇరానీ హోటళ్ళలో చెప్పాను: చెత్తడబ్బా వెతికి ముక్క తీశానని, అతికించి ఆమె ఒక్కదానికే ఆట వేశానని. విన్నవాళ్ళు కళ్ళు తుడుచుకున్నారు. చాయ్ కూడా ఇప్పించారు.

అదంతా అబద్ధం. నేనన్నది ఇంతే: "ప్రింటే గట్ల వచ్చిందమ్మా. నేనేం జేస్త?"

ముక్క అప్పుడు ఆమె కాళ్ళ పక్కన డబ్బాలోనే ఉంది. తీస్తే కోసింది నేనేనని తెలుస్తుంది. ఓనరు చెవిన పడుతుంది. సికింద్రాబాద్ మొనగాడి పరువేం కావాలి?

"పోనీలెండి. గొంతైనా ఉంచారు," అని ఆవిడ నాకే నమస్కారం పెట్టింది.

గురువారం దాకా రోజూ వచ్చింది. మెషీన్ గది కిటికీలోంచి చూసేవాణ్ణి. 'అమ్మా, పోస్ట్' వినగానే లేచి వెళ్ళిపోయేది. శుక్రవారం సినిమా మారింది. డబ్బా ఊడ్చేవాళ్ళు ఎత్తుకుపోయారు.

ఆమె వల్ల నేర్చుకున్నది ఒకటే: కోసే ముందు ముక్కను బల్బు వెలుగుకు పట్టి, అందులో ఎవరున్నారో చూడాలి. ఆ తర్వాత ఒక్క గడి కూడా ఎక్కువ కోయలేదని రాయాలనుంది. కోశాను. కానీ చూసి కోశాను. కోడలి వెనక నిలబడ్డ పనిమనిషి, టికెట్టు చింపే కండక్టరు, అలాంటి ముఖాలు ఎన్నో ఇప్పటికీ గుర్తున్నాయి.

ఆ పోస్ట్‌మ్యాన్‌ది మాత్రం లేదు. నేను చూడనేలేదు.