సవతి స్థానంలో నా ఫొటో

మా ఆయన మొదటి భార్య ఉద్యమంలో తూటా తగిలి చనిపోయింది. మామిడి తోటలో కాయలు గంపలకెత్తే మనిషి. పనివాళ్ళందరితో కలిసి ఊరేగింపుకు వెళ్ళింది. కాల్పుల్లో నలుగురు పోయారు. ఏడాది తిరక్కుండా నేను ఆ ఇంటికి వచ్చాను.

సవతి బతికుంటే జుట్టు పట్టుకునైనా పోట్లాడేదాన్ని. లోపలి గదిలో ఫొటోతో ఏం పోట్లాడతాను? ఆయన దాన్ని రోజూ తుడిచేవాడు. తోటలో నేను మామిడికాయ తొడిమ విరిస్తే సొన చెంపకు చిందేది. ఆవిడకు ఒక్క చుక్క అంటేది కాదట. ఆయన ఆ మాట అన్నప్పుడల్లా నాకు ఒళ్ళు మండిపోయేది. ఏటా కాల్పులు జరిగిన రోజున చలువ చేసిన చొక్కా తొడుక్కుని, సెంటర్లో అమరుల స్తూపం దగ్గర ఆవిడకు దండ వేసి వచ్చేవాడు. ఆయన చేత్తో నా మెడలో దండ పడింది పెళ్ళినాడే. అదే ఆఖరు.

ఈ ఏడు నలుగురి ఫొటోలతో ఫ్లెక్సీ కడతామని, ఆవిడ ఫొటో కోసం స్తూపం కమిటీ ఆయన ఇంటికి వచ్చాడు. మా ఆయన తోటకు వెళ్ళాడు. వచ్చినాయనకు ఆవిడ ముఖం తెలియదు. ఏం బుద్ధి పుట్టిందో, ట్రంకుపెట్టెలోంచి నాకు పాతికేళ్ళప్పుడు తీసిన ఫొటో ఇచ్చాను. డెబ్బై దాటినదాన్ని, సిగ్గన్నా లేదు. ఆవిడను చూసే చూపు ఒక్కసారి నా మీద పడాలి, అంతే.

ఆ రోజు నేనూ వెంట వెళ్ళాను. ముగ్గురికి దండలు వేశారు. నాలుగోది ఆయన చేతికిచ్చారు. ఆయన తలెత్తి చూశాడు. ముఖంలో నెత్తురు చుక్క లేదు. దండ కింద పెట్టేసి ఫ్లెక్సీ తాడు విప్పబోతే కమిటీ వాళ్ళు అడ్డుపడ్డారు. ఇక దాచలేక అందరి ముందూ నిజం చెప్పేశాను. నన్ను తిడతాడనుకున్నాను. ఆయన నా వైపు చూడనైనా లేదు.

"బతికున్న దీని ఫొటోకి నేను దండెయ్యనండీ. ఇదన్నా నాకు మిగలాలి," అన్నాడు వాళ్ళతో.

యాభై ఏళ్ళుగా నేను కాచుకున్న మాట! కడుపు చల్లబడింది. గెలిచాననుకున్నాను.

ఇంతలో మైకులో ఆవిడ పేరు చదివి జోహార్లన్నారు. జనం తలెత్తి ఫ్లెక్సీ మీద నా ముఖం చూశారు. ఎవరికి దండం పెట్టాలో తెలియక చేతులు దించేసుకున్నారు. మిగతా ముగ్గురికీ పూలు చల్లి వెళ్ళిపోయారు.

తూటా తగిలింది ఆవిడకు. ఏడాదికి ఆ ఒక్క పూటే ఆవిడది. అదీ నేనే లాగేసుకున్నాను.